ట్రాలీకి నాలుగో చెయ్యి

మనిషిని చంపినవాడు పారిపోతాడు, లేకపోతే తాగి పడుకుంటాడు. రైల్వే గేటు కాపలా పెంటయ్య ఈ రెండూ చేయలేదు. గేటు వేశాడు. గూడ్సు బండి పోయేదాకా పచ్చజెండా పట్టుకుని నిలబడ్డాడు. గేటు తీశాడు. వంపు దగ్గర పట్టాల మీద ఏదో పడి ఉందని వెళ్లి చూశాడు. పరుగెత్తుకుంటూ వచ్చి స్టేషనుకు ఫోన్ చేశాడు. హంతకుడు ఇంత బుద్ధిగా డ్యూటీ చేస్తాడా అని నేనడిగితే, రైల్వే పోలీసు ఇన్‌స్పెక్టర్ మాణిక్‌రావు చాయ్ ఊదుకుంటూ నవ్వాడు.

“సోమేశ్వర్ సేట్, సంగారెడ్డిల మీ నాయన దుకాణంల కూసొని పప్పులు జోకుకోరాదు? ఈ పరేషాని నీకెందుకు?”

నాకు ఒళ్లు మండింది. మా నాన్నకు కిరాణా దుకాణం ఉన్న మాట నిజమే. ఆ దుకాణం పైగదికి నా డిటెక్టివ్ ఏజెన్సీ బోర్డు వేలాడుతున్న మాటా నిజమే. కానీ జిల్లాలో ఏ పోలీసాయన ఎదురైనా ముందు కందిపప్పు ధర అడిగి తర్వాత నమస్తే పెడతాడేమిటో నాకు ఇప్పటికీ అర్థం కాదు.

“వకీలు అరుణాదేవి గారు పంపిస్తే వచ్చిన. ముద్దాయితోటి మాట్లాడాలె, జాగ చూడాలె. అడ్డం పడతనంటే చెప్పుండ్రి, రేపు కోర్టుల ఆమెనే అడుగుతది మిమ్మల్ని.”

అతను గ్లాసు కింద పెట్టాడు. కుడి అరచేతికి ప్లాస్టర్ అంటించుకుని ఉన్నాడు, అందుకని గ్లాసు ఎడమ చేత్తోనే పట్టుకున్నాడు. నేను అటు చూడటం చూసి, “ఇదే గ్లాసుల సెట్టు. ఒకటి పలిగి కోసుకున్నది,” అన్నాడు. నేను అడగలేదు. ఆ సంగతి అప్పుడు నాకు తట్టి ఉంటే ఎంత బాగుండేది.

“మాట్లాడుకో,” అన్నాడు. “రేపు పొద్దున మేజిస్ట్రేట్ ముందట వాడే ఒప్పుకుంటడు. ఎట్ల ఒప్పుకోవాల్నో పొద్దుమీకినంక నేను జెర నేర్పిస్త.”

బయట మెట్ల మీద పెంటయ్య భార్య దేవమ్మ కూర్చుని ఉంది. ఈ మాట ఆమెకు వినపడింది. ఆమె ఏడవలేదు. నిన్నటి నుంచి ఆమె ఏడవగా నేను చూడలేదు. నిన్న పొద్దున నేను దుకాణం మెట్లు దిగేసరికి ఎదురుగా నిలబడి, “నా పెనిమిటి చీమను తొక్కినా కాలు కడుక్కుంటడు సారూ, ఆయనను కొట్టి సంపుతరు,” అని మాత్రం అంది. అంతే, నేను ఇందులో ఇరుక్కున్నాను.

చచ్చిపోయినాయన పేరు కాశీనాథ్. గుమ్మడిగూడ బ్రాంచి లైనుకు పట్టాల ఇన్‌స్పెక్టర్. వెలిమెల దగ్గర మెయిన్‌లైన్ నుంచి విడిపోయి ఫ్యాక్టరీల దాకా పోయే ఈ బ్రాంచి నిజాం కాలం నాటిది. అప్పట్లో దీని మీద ఒక ప్యాసింజరు కూడా నడిచేదట, మా తాత అందులోనే బెల్లం దిమ్మెలు వేసుకొచ్చేవాడట. తర్వాత ప్యాసింజరు ఆగిపోయింది, పట్టాల మధ్య తంగేడు మొలిచింది. ఫ్యాక్టరీలొచ్చాక మళ్లీ గూడ్సు మొదలైంది. ఇప్పుడు రైల్వే వాళ్లు మొత్తం లైనును తిరగేస్తున్నారు. టేకు చెక్కల స్లీపర్లు పీకి సిమెంటువి వేస్తున్నారు, చిన్న పట్టాలు తీసి పొడుగు పట్టాలు అతుకు లేకుండా వేస్తున్నారు. పట్టాల ఇన్‌స్పెక్టర్‌ను కూర్చోబెట్టుకుని మనుషులు నెట్టే ట్రాలీ పోయి మోటారు ట్రాలీ వస్తుందట. పెంటయ్య గేటు కూడా తీసేస్తారు, గేటు పక్కన అతనుండే గదిని పడగొడతారు.

మాణిక్‌రావు చెప్పే కథ అంతా ఈ గది మీదే నిలబడింది. చావుకు ముందురోజు పెంటయ్య, కాశీనాథ్ ఆ గది గురించి వాదులాడుకున్నారు. మర్నాడు కాశీనాథ్ ఒంటరిగా లైను చూసుకుంటూ నడిచి వచ్చాడు. పెంటయ్య వెనక నుంచి తల మీద కొట్టి, శవాన్ని వంపులో పట్టాల మీద పడేసి, గూడ్సు తొక్కేదాకా ఆగి, ఏమీ తెలియనట్టు ఫోన్ చేశాడు.

రైల్వే స్టేషన్‌లోనే ఉన్న ఆ లాకప్‌లో పెంటయ్య గోడకు ఆనుకుని కూర్చున్నాడు. పెదవి వాచి ఉంది.

“పెంటయ్యా, నేను మీ వకీలమ్మ మనిషిని. ఆ దినం ఏం జరిగిందో జెప్పు. కాశీనాథ్ సారు నడుసుకుంట వచ్చిండా?”

“నడుసుడెందుకు సారూ, ట్రాలీ మీద వచ్చిండు. ఎప్పటి లెక్కనే. నేను గేటు కాడ్నుంచి సూసిన.”

“మరి మాణిక్‌రావు సారు నడిచి వచ్చిండని అంటున్నడు గదా.”

“ఆయనకు గిదే జెప్పిన. గొడుగు వెట్టుకోని వచ్చిండ్రు అని. గొడుగు కింద ఇద్దరు కూసున్నరు.”

నేను చువ్వలకు దగ్గరగా జరిగాను. “ఇద్దరా?”

“ఒకరు కాశీనాథ్ సారు. ఇంకొకరి మొకం, ఎనక నెట్టేటోళ్ల మొకాలు గొడుగు సాటుకు వోయినయి. బూట్లు కనపడ్డయి. గంతే.” అతను నోరు తుడుచుకున్నాడు. “గీ మాట జెప్పేదాక నన్ను సాచ్చి అన్నరు సారూ. జెప్పినంక నన్నే లోపలేసిండ్రు.”

నేను తిరిగి వచ్చి మాణిక్‌రావును నిలదీశాను. అతను తాపీగా టోపీ పెట్టుకున్నాడు.

“దొంగ ఎవడన్నా ఇంకో మనిషి ఉన్నడనే జెప్తడు సేట్. ట్రాలీ నెట్టే నలుగుర్ని నేను అడిగిన. ఆ దినం కాశీనాథ్ వాళ్లకు సెలవిచ్చిండు. ఇస్మాయిల్‌ఖాన్‌పేట భవానమ్మ గుడి కాడికి పోయిన్రు. ట్రాలీ స్టేషన్ల నుంచి కదల్లే. ఇంకేంది?”

“జాగ చూస్త.”

“నేను గూడ వస్త. నువ్వేం మాయ చేస్తవో ఏమో.”

దేవమ్మను జీపు ఎక్కమన్నాను. పోలీసు జీపు ఎక్కను అంది. పట్టాల వెంట నడిచి వెళ్లింది. మేం ఫ్యాక్టరీల రోడ్డు పట్టుకుని, లారీల వెనక ఆగుతూ, హైవే మీది నుంచి చుట్టూ తిరిగి వంపు దగ్గర దిగేసరికి ఆమె అక్కడే ఉంది. ముందే వచ్చి చెంగుతో మొహం తుడుచుకుంటోంది.

శవం ఉన్న చోట చూడటానికి ఇక పెద్దగా ఏమీ మిగలలేదు. కంకర మీద సున్నం గీత, దాని మీద ఎవరో చల్లిన మట్టి. కొత్త లైను కింద కంకర ఛాతీ ఎత్తున పోసి ఉంది. గట్టుకు అవతల, తీసేసిన పాత పట్టాలు పేర్చి ఉన్నాయి. వాటి పక్కల మీద ఎప్పటివో అక్షరాలు ఉబ్బెత్తుగా ఉన్నాయి. అన్నిటి మీదా దుమ్ము పట్టి ఉంది, కుప్ప కుడి చివర మాత్రం నేల ఖాళీగా ఉంది. గడ్డి పసుపుపచ్చగా చచ్చిపోయి పొడుగు చారలుగా పడుంది. అక్కడి నుంచి లారీ టైర్ల గుర్తులు రోడ్డు దాకా ఉన్నాయి.

“ఈ పట్టాలు ఎటు పోయినయి?” అన్నాను.

“రైల్వే స్టోర్సుకు పోయుంటయి. గది నా పని గాదు.”

“పాత పట్టాలకు కాపలా రైల్వే పోలీసుల పనే గదా సారూ.”

అతను నా వైపు ఒకసారి చూసి సిగరెట్ వెలిగించుకున్నాడు. నేను ఆ మాట మనసులో పెట్టుకుని ముందుకు నడిచాను. పది అడుగులు వేశానో లేదో ఆగిపోయాను. నా కళ్ల ముందు ఉన్నదాన్ని మూడు రోజులుగా పోలీసులు, డాక్టరు, ఫోటోలు తీసినాయన, అందరూ చూశారు. ఎవరికీ కనపడలేదు. రైలు పట్టాల పక్కన ట్రాలీ ఉంటే ఎవరికి వింతగా ఉంటుంది?

కంకర గట్టు కింద, చదునుగా ఉన్న చోట, ట్రాలీ పక్కకు వాల్చి ఉంది. చక్రాలలో నుంచి గొలుసు దూర్చి తాళం వేసి ఉంది. గొడుగు మడిచి తాడుతో కట్టి ఉంది.

“స్టేషన్ల నుంచి కదలని ట్రాలీ ఇదేనా సారూ?”

మాణిక్‌రావు పొగ వదిలాడు. “ఉంటే ఉండనీ. కాశీనాథ్ దీని మీదనే వచ్చిండనుకో. పెంటయ్యనే నెట్టుకొచ్చిండు. నెట్టేటందుకు ఒక్కడు చాలు.”

“నెట్టేటందుకు చాలు. దించేటందుకు? నలుగురు లేంది ఇది లేవది.”

నేను జీపులో మాతో వచ్చిన కానిస్టేబుల్ గౌస్ వైపు తిరిగాను. గౌస్ జహీరాబాద్ వైపు మనిషి, నాకు కొంచెం తెలుసు, నోరు తక్కువ. “ట్రాలీవాళ్లు యాడున్నరు?”

“గేటు కాడ పని జేస్తున్నరు సాబ్. ఇద్దరే ఉన్నరు. పెద్దరాములు, అంజన్న.”

“ఇంకా ఇద్దరు?”

“యాదన్న దవాఖానల ఉన్నడు, నెల కిందట్నే భుజం ఇరిగింది. నర్సింహులు అత్తగారి ఊరికి పోయిండట. మొన్నట్నుంచి కనపడ్తలేడు.”

పెద్దరాములు వచ్చాడు. ముసలాయనే కానీ నిటారుగా నడుస్తాడు. అతని పాదాలు చూశాను. ఏళ్ల తరబడి పట్టాల మీద వట్టికాళ్లతో పరుగెత్తీ పరుగెత్తీ వేళ్లు లోపలికి ముడుచుకున్నాయి. వెనకే అంజన్న, తల ఎత్తకుండా.

“రాములన్నా, ఆ దినం ఏడికి పోయిన్రు?”

“భవానమ్మ కాడికి.” అతను చెప్పింది నాకు, చూసింది మాణిక్‌రావును.

“నలుగురూనా?”

“ముగ్గురం. యాదన్నకు భుజం బాలేదు గదా.”

“ట్రాలీ ఎవలు తీస్కవచ్చిన్రు మరి?”

“మాకు తెల్వదు సారూ.”

“సరే, పోనీయి. ఎంక్వయిరీకి దాన్ని స్టేషనుకు చేర్చాలె. తాళం తియ్యి.”

అలా మామూలుగా, ఇంట్లో చెంబు ఇమ్మన్నట్టు అన్నాను. అతని చెయ్యి దానంతట అదే పంచె ముడి దగ్గరికి, మొలతాడు మీదికి పోయింది. సగంలో ఆగింది. అంజన్న గొంతులోంచి చిన్న చప్పుడు వచ్చింది.

ట్రాలీ స్టేషన్‌లో ఉంటే తాళంచెవి స్టేషను మాస్టరు గది మేకుకు వేలాడాలి. ట్రాలీ లైను మీదికి వస్తేనే అది ట్రాలీవాళ్ల పెద్దమనిషి మొలతాడుకు ఎక్కుతుంది. ఈ లైను మీద తాతల నాటి నుంచి అదే పద్ధతి.

“తియ్యి రాములన్నా. నీ మొలతాడుకే ఉన్నది, నాకు తెలుసు.”

అతను తీశాడు. తాళం తెరిచాడు. గొలుసు జారి కంకర మీద పడింది.

“చూసినవా?” అని మాణిక్‌రావు గట్టిగా నవ్వాడు. ఆ నవ్వు అతికినట్టు లేదు. “అంటే ఈ ముగ్గురూ పెంటయ్యతోని కలిసిన్రు. నలుగురయిన్రు. సేట్, నా కేసు నువ్వే గట్టిగ జేసినవ్. శుక్రియా.”

నిజమే. ముగ్గురూ, పెంటయ్యా కలిస్తే నలుగురు. నోరు మూసుకుని ఉంటే పెంటయ్య ఒక్కడి మీద బలహీనమైన కేసు. ఇప్పుడు నేనే నాలుగు చేతులూ లెక్కపెట్టి చూపించాను. దేవమ్మ నా వైపే చూస్తోంది. ఆమె మొహం చూడలేక చూపు తిప్పుకున్నాను.

“ఒక్కటి ఆలోచించు సారూ,” అన్నాను, మాటలు వెతుక్కుంటూ. “ట్రాలీని పట్టాల మీదనే వదిలిపెడితే గూడ్సు దాన్ని గుద్దేది. కాశీనాథ్ బండి కింద పడి సచ్చిండని అందరూ అనుకునేటోళ్లు. కేసే ఉండకపోవు. హంతకుడు తీరిగ్గ ట్రాలీ దించి, వాల్చి, గొలుసేసి, తాళం ఎందుకు ఏస్తడు?”

“వాళ్లకు బుద్ధి లేక.”

“కాదు సారూ,” అని పెద్దరాములు మొదటిసారి తలెత్తి అన్నాడు. గొంతు చాలా మెల్లగా ఉంది. “బండి పట్టా తప్పి పడిపోతది గదా. వంపుల డ్రైవరుకు కనపడది. ట్రాలీని లైను మీద ఎవడన్న ఇడిశిపెడ్తడా?”

“నోరు మూస్కో,” అన్నాడు మాణిక్‌రావు.

పెద్దరాములు మూసుకున్నాడు. కానీ చాలు. వాళ్ల ఎదురుగా మనిషి చచ్చి పడి ఉన్నాడు. దూరంగా బండి కూత వినపడింది. అప్పుడు కూడా వాళ్లకు ముందు గుర్తొచ్చింది ట్రాలీ దించడమే. తమ మెడకు ఏం చుట్టుకుంటుందో ఆలోచించకుండా దించి, వాల్చి, గొలుసు వేశారు.

“ఎత్తి చూద్దాం,” అన్నాను. “ఇది నలుగురికి తక్కువ లేవదని పంచనామాల రాయాలె. మాణిక్‌రావు సారూ, మీరు ఒక చెయ్యి వేస్తరా?”

“నేను పోలీసును, కూలీని గాను. ఆ ట్రాలీని ముట్టలే, ముట్ట. ఆ దినం నేను పటాన్‌చెరుల ఉన్న. శవం లేపేటప్పుడే ఇక్కడికి మొదటిసారి వచ్చిన. రాస్కో.”

“అయితే గౌస్ వస్తడు.”

ముందు మేం ముగ్గురం, పెద్దరాములు, అంజన్న, నేను, పట్టుకుని చూశాం. ఒక పక్క లేస్తే ఇంకో పక్క ఒరిగింది. ఇంచు కూడా నిలవలేదు. అప్పుడు పెద్దరాములు గౌస్ భుజం పట్టుకుని వెనక మూలకు తీసుకుపోయాడు, బ్రేకు ఉన్న వైపు. వంగి, గౌస్ కుడి చెయ్యి తీసుకుని చెక్క కింద తనే పెట్టాడు. ఇంత శ్రద్ధ ఎందుకో నాకు అప్పుడు అర్థం కాలేదు.

“నేను అన్నంక లేపు సాబ్. గట్టిగ పట్టు.”

లేపాం. ట్రాలీ లేచింది. గట్టు ఎక్కించి పట్టాల పక్కన పెట్టబోయేసరికి గౌస్ “యా అల్లా” అని చెయ్యి లాక్కున్నాడు. ట్రాలీ ధన్‌మని కంకర మీద కూలబడింది.

గౌస్ అరచెయ్యి తెరిచి చూసుకుంటున్నాడు. బొటనవేలి మొదలు నుంచి చిటికెన వేలి వైపు ఏటవాలుగా తెగింది. నెత్తురు మణికట్టు దాకా కారుతోంది. నేను వంగి ఆ మూల చెక్క కింద చూశాను. చెక్కకు బిగించిన ఇనుప రేకు ఊడి, అంచు కొడవలిలా బయటికి వచ్చి ఉంది. దాని మీద గౌస్ తాజా నెత్తురు. దాని పక్కన ఎండిపోయి నల్లబడిన నెత్తురు కూడా ఉంది.

“అది యాదన్న మూల,” అని అంజన్న సన్నగా అన్నాడు. “ఆయిన చేతికి సైకిల్ ట్యూబు చుట్టుకోని పడ్తడు. తెల్వనోడు పడ్తే కోస్తది.”

పెద్దరాములు గౌస్ చేతిని చూడటం లేదు. నన్ను కూడా చూడటం లేదు. అతని చూపు వెంట నా చూపు పోయింది.

సిగరెట్ ఎడమ చేతిలో ఉంది. కుడి చెయ్యి పక్కన వేలాడుతోంది. అరచేతి మీద ప్లాస్టర్. బొటనవేలి మొదలు నుంచి చిటికెన వేలి వైపు, ఏటవాలుగా.

నిజం చెప్తున్నా, ఏళ్ల తరబడి దొంగల్ని, మొగుళ్లని, గుమాస్తాల్ని పట్టుకున్న నాకు, ఇంత దగ్గరున్నది కనపడలేదు. పొద్దుటి నుంచి ఈ మనిషితో చాయ్ తాగాను, జీపులో పక్కన కూర్చున్నాను, గొడుగు కింద రెండో మనిషి ఎవరని ఇతన్నే అడిగాను.

“సారూ,” అన్నాను చివరికి. “గ్లాసు పలిగి కోసుకున్నదన్నరు. ఆ పట్టీ జెర విప్పుతరా?”

గౌస్ తన చెయ్యి చూసుకున్నాడు. తన ఇన్‌స్పెక్టర్ చెయ్యి చూశాడు. రెండు అడుగులు వెనక్కి వేశాడు.

మాణిక్‌రావు పట్టీ విప్పలేదు. అరవలేదు కూడా. కుడి చెయ్యి మెల్లగా ప్యాంటు జేబులో పెట్టుకున్నాడు. సిగరెట్ పట్టా మీద నలిపి, నాకు దగ్గరగా వచ్చి, నాకొక్కడికే వినపడేటట్టు అన్నాడు.

“పెంటయ్య ఇంకా నా లాకప్‌లనే ఉన్నడు సేట్. గొడుగు కింద ఇద్దర్ని చూసినోడు వాడొక్కడే. భయానికి ఉరేసుకున్నడంటే ఎవడు కాదంటడు?”

ఆ మాట అని జీపు ఎక్కాడు. జీపు డ్రైవరు, గౌస్ కోసం ఆగబోతే, “చల్,” అన్నాడు. జీపు దుమ్ము లేపుకుంటూ హైవే వైపు తిరిగింది.

నాకొక్కడికే అన్నాడనుకున్నాను. వెనక దేవమ్మ ఉంది. అంతా విన్నది.

పెద్దరాములు కంకర మీద కూలబడి రెండు చేతులతో తల పట్టుకున్నాడు. “ఆయిననే సారూ. కుప్పల పట్టాలు తక్కువున్నయని కాశీనాథ్ సారు కనుక్కున్నడు. ఇద్దరు మాట్లాడుకుంట వచ్చిన్రు. ఈడ దిగినంక, పట్టాలు ఆయిననే అమ్ముకున్నడని కాశీనాథ్ సారు పైకి రిపోర్టు రాస్తనన్నడు. ఆయిన ఎనక నుంచి పట్టాలు అతికే ఇనుప ఫిష్‌ప్లేటు తీస్కోని ఒక్కటేసిండు. ఒక్కటే. మేం ఉరుకుదమనుకున్నం. గంతల బండి కూతేసింది. ట్రాలీ తీయంది కదలమన్నం. ఆయినకు ఏం తోస్తలేదు, వచ్చి యాదన్న మూల వట్టిండు. మేం గొలుసేసే లోపట శవాన్ని పట్టాల మీదికి గుంజిండు. నోరు తెరిస్తె మా పిల్లల్ని గూడ గిట్లనే పండవెడ్తనన్నడు. నర్సింహులు గందుకే ఊరిడిశి పోయిండు.” అతను కళ్లు తుడుచుకున్నాడు. “నోటితోని జెప్పనీకె దైర్నం రాలే. అందుకే గౌస్ సాబ్‌ను ఆ మూలకు నిలవెట్టిన. మాఫ్ చెయ్యి సాబ్.”

గౌస్ చేతికి రుమాలు చుట్టుకుంటూ తల ఊపాడు.

“అది తర్వాత,” అంది దేవమ్మ. “జీపు చుట్టు తిరిగి పోవాలె. పట్టాలు సక్కగ పోతయి. నేను పొద్దుగాల నడిసే మీకన్న ముందు వచ్చిన. ట్రాలీ ఎంత సేపట్ల పోతది రాములన్నా?”

“జీపు కన్న ముందట పోతది,” అన్నాడు పెద్దరాములు. నాకు అప్పుడు బుర్ర పనిచేసింది. గేటు నుంచి ఫోన్ చేసినా స్టేషన్లో ఇన్‌స్పెక్టర్‌కు ఎదురు నిలిచేవాళ్లెవరూ లేరు, జీపు కంటే ముందు మేమే చేరాలి. స్టేషను మాస్టరు, పోర్టర్లు, టికెట్ల లైను, అందరి ముందు లాకప్ తలుపుకు అడ్డం నిలబడతాం. నలుగురి కళ్ల ముందు పెంటయ్య ఉరేసుకోలేడు.

సరిగ్గా అప్పుడే గేటు వైపు నుంచి ఇంజన్ కూత వేసింది. ఫ్యాక్టరీల నుంచి తిరిగి వచ్చే గూడ్సు. గేటు దాటుతోంది.

“బండి ఆపి ఎక్కుదమా?” అన్నాను.

“ఆగి, మల్ల కదిలి, సిగ్నలు కాడ నిలవడి పోయేవరకు జీపు శేరుకుంటది,” అన్నాడు అంజన్న.

బండి లైను మీద ఉండగా ట్రాలీ పెట్టకూడదు. మనిషి చచ్చి పడి ఉన్నా ఆ పని చేయలేనివాళ్లు వీళ్లు. వీళ్లను నేను ఎలా అడగను?

దేవమ్మ అడగలేదు కూడా. చెంగు కుడి చేతికి నాలుగు చుట్లు చుట్టుకుంది. వెళ్లి వెనక మూల, బ్రేకు ఉన్న వైపు, యాదన్న మూలలో వంగింది. చెక్క కింద చెయ్యి పెట్టి, మా కోసం ఎదురుచూస్తున్నట్టు ఉండిపోయింది.

పెద్దరాములు లేచాడు. “అంజన్నా, ముందట పట్టు. సారూ, మీరు ఇటు.”

గౌస్ ట్రాలీకి కట్టి ఉన్న ఎర్రజెండా పీక్కుని, బండిని ఆపడానికి కూత వచ్చిన వైపు పరుగెత్తాడు. నెత్తుటి రుమాలూ జెండా ఒకే రంగులో కనపడ్డాయి.

లేపాం. చక్రాలు పట్టాల మీద కూర్చున్నాయి. నన్ను, దేవమ్మను పైకి తోసి, వాళ్లిద్దరూ చెరో పట్టా మీద వట్టికాళ్లతో పరుగు అందుకున్నారు. కొత్త పట్టాల మీద అతుకుల చప్పుడు కూడా లేదు. గాలి చెవుల్లో కొడుతోంది. దూరంగా, చెట్ల మీదుగా, హైవే మీద పోలీసు జీపు కనపడింది. ఒక లారీ వెనక ఇరుక్కుంది. తర్వాత లారీని దాటింది.

“ముప్పై ఏండ్ల నౌకరీ సారూ,” అన్నాడు పెద్దరాములు, రొప్పుతూనే. “బండికి ముందట ట్రాలీ వెట్టుడు ఇదే మొదటిసారి.”

దేవమ్మ వెనక్కి చూడటం లేదు. స్టేషను ఉన్న వైపే చూస్తూ, చెంగు చుట్టిన చేత్తో ట్రాలీ అంచును పట్టుకుని కూర్చుంది.

వెనక మళ్లీ కూత వినపడింది. గేటు దగ్గర నుంచి కాదు. గౌస్ ఎర్రజెండా పట్టుకుని నిలబడి ఉండాల్సిన వంపు దాటి, మా వెనక నుంచి.